కుందేటి కొమ్ము కుండీలో బతకాలంటే

లేనిదాని గురించి చెప్పాల్సి వస్తే మనం కుందేటి కొమ్ము అంటాం. అనంతపురం, కర్నూలు వైపు గుట్టల మీద మేకలు కాసినవాళ్ళను అడిగి చూడండి, ఆ కొమ్ము ఉంది, తింటాం కూడా అంటారు. రేగు కంప మొదట్లోనో రెండు బండల సందులోనో, ఆకు అన్నదే కనపడకుండా, నాలుగు పలకలుగా, పైకి పోయేకొద్దీ సన్నబడుతూ జానెడు నుంచి మూరెడు దాకా నిలువుగా లేచిన ఆకుపచ్చ కాడలు. అవే కుందేటి కొమ్ములు. కుందేలు పొద చాటున దాక్కుని కొమ్ములు మాత్రం బయటపెట్టినట్టే ఉంటాయి, అందుకే ఆ పేరు వచ్చిందేమో అని చిన్నప్పుడు అనుకునేదాన్ని.

దీనికి ఇంకో పేరు కారల్లం. సామర్లకోటలో తోట పెట్టి మన మొక్కలెన్నిటికో బొమ్మలు గీయించిన వృక్షశాస్త్రవేత్త రాక్స్‌బర్గ్, 1795లో అచ్చయిన తన కోరమాండల్ తీరపు మొక్కల పుస్తకంలో తెలుగువాళ్ళు పిలిచే ఆ పేరును రాసుకున్నాడు. తర్వాత రాబర్ట్ బ్రౌన్ అనే ఇంకో వృక్షశాస్త్రవేత్త ఆ పేరునే తీసుకుని ఈ జాతి మొత్తానికి కారల్లూమా అని పెట్టాడు. అంటే ఆఫ్రికాలో, అరేబియాలో ఉన్న దీని చుట్టాలను కూడా శాస్త్రవేత్తలు మన తెలుగు మాటతోనే పిలుస్తున్నారు. నాకు ఇది చాలా గొప్పగా అనిపిస్తుంది. అలాంటి మొక్క మన ఊళ్ళలోనే తెలియకుండా పోతోందన్న బాధతోనే, పదేళ్ళుగా కుండీల్లో పెంచి నేర్చుకున్నది ఇక్కడ రాస్తున్నాను.

ముందు గుర్తు పట్టడం

ఇక్కడ పొరపాటు పడితే మిగతాదంతా వృథా. చాలామంది నల్లేరును చూసి ఇదే అనుకుంటారు, అదీ నాలుగు పలకలే కాబట్టి. నల్లేరుకు బెత్తెడుకో కణుపు ఉంటుంది, కణుపు దగ్గర నొక్కుకుపోయి గొలుసు ముక్కల్లా కనిపిస్తుంది, నులితీగలు వేసి కంచె మీదికి పాకుతుంది. కుందేటి కొమ్ముకు కణుపులు లేవు, తీగలు లేవు, పాకదు. పలకల అంచుల మీద చిన్న చిన్న పళ్ళలాగా మొనలు ఉంటాయి, చూస్తే ముళ్ళనుకుంటారు గానీ వేలితో నిమిరితే మెత్తగానే ఉంటాయి. లేత కాడ కొసన మాత్రం ఆవగింజ పొడుగు ఆకులు కనపడతాయి, అవి కొన్నాళ్ళకే రాలిపోతాయి, అవి రాలిన చోటే ఆ మొనలు మిగులుతాయి.

రెండో పొరపాటు జెముడు. బొమ్మజెముడు పిల్ల మొక్క చూడటానికి ఇంచుమించు ఇలాగే ఉంటుంది, కానీ ముల్లు గుచ్చుకుంటుంది, గిచ్చితే తెల్లటి పాలు కారతాయి, ఆ పాలు కంట్లో పడితే చాలా ప్రమాదం. కుందేటి కొమ్మును తుంచితే పాలు రావు, నీళ్ళలాంటి రసం వస్తుంది. ఇంతే పరీక్ష. ఒకసారి ఆన్‌లైన్‌లో కారల్లూమా అని రాసి ఉంటే డబ్బు కట్టి తెప్పించుకున్నాను, పొట్లం విప్పి కొస గిచ్చగానే పాలు కారాయి. అప్పటి నుంచి ఎవరిచ్చినా ముందు గిచ్చి చూస్తాను. తెల్లగా ఏదైనా వస్తే నోట్లో పెట్టుకునే మాటే లేదు, చేతులు సబ్బుతో కడుక్కోండి.

మన వైపు ఈ పేరుతో ఒకటి కాదు, మూడు నాలుగు రకాలు తిరుగుతాయి. సన్న కాడలకు పొడుగునా ఒక్కో పువ్వు వేలాడేది ఒకటి. అదే సన్న రకంలో పూరేకుల అంచుకు సన్నటి నూగు ఉండేది ఒకటి. కాడ బొటనవేలంత లావుగా ఉండి, కొసన పూలన్నీ బంతిలా ఒకే గుత్తిగా పూసేది ఇంకొకటి. పెంచే పద్ధతి అన్నిటికీ ఒకటే, కాకపోతే ఆ లావు రకం పువ్వు కుళ్ళిన మాంసం వాసన వేస్తుంది. ఈగలను పిలవడానికి అది వేసే ఎత్తు అది. ఇంట్లోవాళ్ళు గొడవ పెట్టకుండా ఉండాలంటే పూసే రోజుల్లో ఆ కుండీని వంటింటి కిటికీకి దూరంగా పెట్టండి.

ఎక్కడి నుంచి తెచ్చుకోవాలి

గుట్ట మీద నుంచి వేళ్ళతో సహా పెరికి తేవద్దు. ఈ మాట మీద నేను గట్టిగా ఉంటాను. బరువు తగ్గే మాత్రల కోసం దీన్ని బస్తాలకు బస్తాలు పీకి అమ్ముతున్నారు, ఇంకో పక్క గుట్టలకు గుట్టలే క్వారీలకు పోతున్నాయి. పైగా పెరికిన మొక్క కుండీలో బతికేది తక్కువ. బండ సందులో వేరు తెగిపోతుంది, ఆ తెగిన చోటి నుంచే కుళ్ళు మొదలవుతుంది.

మా అవ్వ మేకల వెంట పోయి సాయంత్రం కొంగులో పది పన్నెండు కాడలు తెచ్చేది. ఒక గుబురులో ఎన్ని కాడలున్నా రెండే తుంచేది, తర్వాత ఇంకో గుబురు దగ్గరికి పోయేది. తుంచడం కూడా మట్టి దగ్గర కాదు, రెండు వేళ్ళు పైన. "మొదలు ముట్టుకోవాకు, వానకు మళ్ళా లేస్తుంది" అనేది. మీకు కావాల్సిందీ ఆ ఒక్క కాడే. ఊళ్ళో పొలం గట్టున ఉంటే ఆ పొలం వాళ్ళను అడిగి తుంచుకోండి, రిజర్వు అడవిలో అయితే అసలు చేయి పెట్టొద్దు, అక్కడ కొమ్మ తుంచినా తప్పే. లేదంటే ఎడారి మొక్కలు పెంచేవాళ్ళ దగ్గర, నర్సరీల దగ్గర ముక్కలు దొరుకుతాయి, అడిగితే చాలామంది ఊరికే ఇస్తారు.

కోసే కాలం ముఖ్యం. ఫిబ్రవరి నెలాఖరు నుంచి జూన్ మొదటి దాకా మంచిది. ఎండ ఉంటుంది, గాలి పొడిగా ఉంటుంది, గాయం తొందరగా ఆరుతుంది. ముసురు పట్టిన రోజుల్లో, చలికాలం మధ్యలో కోస్తే సగం కుళ్ళిపోతాయి. బ్లేడును మంట మీద చూపించి చల్లారాక, కాడ మొదలు దగ్గర సన్నగా నొక్కుకుపోయినట్టుండే చోట ఒక్క వేటుకు కోయాలి. వేలెడు పొడవున్న ముక్క చాలు, ముదురు కాడైతే ఇంకా మంచిది, మరీ లేత కొసలు వాడిపోతాయి.

ఆరబెట్టడం

కోసిన ముక్కను ఆ రోజే నాటేస్తారు, అక్కడే పోతుంది. ఒక పాత పేపరు మీద, నీడలో, గాలి తగిలే చోట వారం రోజులు వదిలేయండి. వాన తేమ ఉంటే పది రోజులు. ముక్క కొంచెం ముడతలు పడుతుంది, రంగు డల్ అవుతుంది, చచ్చిపోతోందేమో అని టెన్షన్ పడతారు, పడొద్దు. తిప్పి కోసిన చోటు చూడండి. మొదటి రోజు అక్కడ తడిగా, నాలుగు మూలల చుక్కలాగా పచ్చగా మెరుస్తూ ఉంటుంది. మూడో రోజుకు తెల్లబడి లోపలికి పీక్కుంటుంది. ఆరేడు రోజులకు గోధుమ రంగు తోలు కట్టినట్టయి, గోరుతో తడితే టక్ టక్ మంటుంది. ఆ చప్పుడు వచ్చాకే నాటండి.

కుండీ, మట్టి

ప్లాస్టిక్ వద్దని నేననను, కానీ మొదటిసారి పెంచేవాళ్ళు మట్టి కుండీనే తీసుకోండి, దాని గోడల గుండా తడి బయటికి పోతుంది, చేయి కాస్త ఎక్కువైనా కాపాడుతుంది. లోతు అక్కర్లేదు, వేళ్ళు పైపైనే పరుచుకుంటాయి. నాలుగు అంగుళాల లోతు, ఏడెనిమిది అంగుళాల వెడల్పు సరిపోతుంది. నేను మట్టి మూకుళ్ళకు అడుగున మూడు బెజ్జాలు కొట్టించి వాడతాను. బెజ్జం మీద కుండ పెంకు బోర్లించి పెడితే మట్టి జారదు, నీళ్ళు ఆగవు.

మట్టి దగ్గర అందరూ మంచి మనసుతోనే చెడగొడతారు. కోకోపీట్ (కొబ్బరి పీచు పొట్టు) వద్దు, అది రోజులు రోజులు తడి పట్టుకుని కూర్చుంటుంది. నల్లరేగడి అసలే వద్దు. తోటలో గులాబీకి వేసే ఎరువు మట్టి కూడా వద్దు. జల్లెడ పట్టిన ఎర్రమట్టి ఒక పాలు, ముతక ఇసుక ఒక పాలు, బఠాణీ గింజంత కంకర గానీ అదే సైజుకు కొట్టిన ఇటుక ముక్కలు గానీ ఒక పాలు, దీనికి బాగా మాగిన పశువుల ఎరువు ఒక గుప్పెడు. అంతే. ఇసుక దొరక్క రోబో శాండ్ వాడేట్టయితే అందులోని రాతి పిండి పోయేదాకా మూడు నాలుగు సార్లు కడగండి, లేకపోతే ఆ పిండి సిమెంటులా బిగుసుకుంటుంది. సముద్రపు ఇసుక ఉప్పు, వాడొద్దు. కలిపిన మట్టిని గుప్పిట్లో పట్టి కొంచెం తడిపి పిసకండి, చేయి తెరవగానే విడిపోవాలి. ముద్దగా నిలబడితే ఇంకా కంకర వేయండి. పెర్లైట్, ప్యూమిస్ లాంటివి ఉంటే వేసుకోవచ్చు, లేకపోతే కొనాల్సిన పని లేదు, దానికి ఇటుక ముక్కే బాగా అలవాటు.

నాటడం

పొడి మట్టిలోనే నాటాలి. వేలితో చిన్న గుంత చేసి ముక్కను ఒక అంగుళం లోపలికి దింపండి, పడిపోకుండా చుట్టూ మూడు గులకరాళ్ళు ఆనించండి. పైన పలుచగా కంకర పరిస్తే మొదలు దగ్గర తడి నిలవదు. ఒక కుండీలో మూడు నాలుగు ముక్కలు పెట్టుకోవచ్చు, ఒకటి పోయినా మిగతావి ఉంటాయి. పొడుగు కాడను నిలువుగా కాకుండా మట్టి మీద పడుకోబెట్టి సగం కప్పినా వేళ్ళు వేస్తుంది. గుట్ట మీదా అదే చేస్తుంది, వంగిన కాడ నేల తాకిన చోట వేరు దిగి కొత్త గుబురు లేస్తుంది. నాటిన వారం దాకా చుక్క నీరు పోయొద్దు. తర్వాత ఒక చిన్న గ్లాసు, మళ్ళీ పది రోజులు ఆగి ఇంకో గ్లాసు. నెల, నెలన్నరకు కాడను మెల్లగా కదిపితే గట్టిగా పట్టుకున్నట్టు తెలుస్తుంది. అంతవరకూ పీకి చూడొద్దు, నేను మొదట్లో వారానికోసారి పీకి చూసి సన్నటి వేళ్ళన్నీ తెంపేశాను.

నీళ్ళు

ఈ మొక్క ఇళ్ళల్లో ఎండి చావడం నేను చూడలేదు. చచ్చినవన్నీ నీళ్ళెక్కువై చచ్చాయి. అనంతపురంలో ఏడాది మొత్తం పడే వాన సగటున 550 మిల్లీమీటర్లు, అదీ కొన్ని రోజుల్లోనే కురిసి పోతుంది, బండ మీద పడింది పడ్డట్టే జారిపోతుంది. ఆ లెక్కకు అలవాటు పడిన మొక్క ఇది. పగలు ఎండకు తన రంధ్రాలు మూసుకుని, చల్లబడ్డాక రాత్రి తెరిచి గాలి పీల్చుకుంటుంది, అలా నీరు పోకుండా కాపాడుకుంటుంది. మనం తులసికి పోసినట్టు రోజూ చెంబెడు పోస్తే అది ఏం చేస్తుంది పాపం.

వారాల లెక్క పెట్టుకుని పోయకండి. ఒక అగరబత్తి పుల్లను కుండీ అడుగు దాకా గుచ్చి ఐదు నిమిషాలాగి తీయండి. పుల్ల తడిగా ఉంటే, మట్టి అంటుకుంటే నీళ్ళ పని లేదు. పొడిగా వచ్చినా ఇంకో మూడు రోజులు ఆగి అప్పుడు పోయండి. పోసినప్పుడు మాత్రం కొసరి కొసరి కాదు, అడుగు బెజ్జం నుంచి కారేదాకా పోయాలి, కింద పళ్ళెంలో చేరిన నీళ్ళు పారబోయాలి. ఇలా చేస్తే మా మిద్దె మీద మార్చి నుంచి మే దాకా పది రోజులకోసారి, చలికాలంలో నెలకోసారి పడుతుంది. కోస్తా ఊళ్ళలో గాలిలోనే తేమ ఉంటుంది కాబట్టి ఇంకా తక్కువ పడుతుంది. వానాకాలం ఒక మంచి వాన తడవనివ్వండి, దానికి ఆ వాన కావాలి, కొత్త కాడలు లేచేదీ పూత వచ్చేదీ ఆ తడికే. కానీ ముసురు రెండో రోజు కూడా పట్టిందంటే కుండీని చూరు కిందికి జరిపేయండి. విశాఖ, కాకినాడ వైపు వాళ్ళు జులై నుంచి నవంబరు దాకా రేకు కిందే పెంచితే నిశ్చింత.

ఎండ

గుట్ట మీద పెరిగేది కదా అని నడి మిద్దెలో పెడతారు. గుట్ట మీద కూడా అది బలుసు, కలివి, రేగు కంపల నీడలో ఉంటుంది, పొద్దున ఎండ తగిలి, మధ్యాహ్నం కంప నీడ పడేట్టు. మీ ఇంట్లోనూ ఉదయం పూట నాలుగు గంటల సేపు ఎండ, తర్వాత పలుచని నీడ ఉంటే బ్రహ్మాండంగా ఉంటుంది. ఏప్రిల్, మే నెలల్లో సిమెంటు మిద్దె మీద కుండీ పెడితే కింది నుంచి వేళ్ళు ఉడికిపోతాయి, రెండు ఇటుకల మీద ఎత్తి పెట్టండి. ఎండ ఎక్కువైతే కాడలు ఊదారంగు, ఎర్ర గోధుమ రంగుకు తిరుగుతాయి, అది జబ్బు కాదు, కొంచెం నీడకు జరిపితే మళ్ళీ పచ్చబడతాయి. ఇంట్లో చీకటి మూల పెడితే సన్నగా, పాలిపోయి, వంకరగా సాగుతుంది, పూత రాదు.

అమెరికాలో, యూరప్‌లో ఉన్న మనవాళ్ళు పెంచాలనుకుంటే ఇక్కడి నుంచి సంచీలో ముక్కలు వేసుకుని పోవద్దు, సర్టిఫికెట్ లేని మొక్కను ఎయిర్‌పోర్టులో తీసి పారేస్తారు, జరిమానా కూడా పడొచ్చు. అక్కడే ఇలాంటి మొక్కలు పెంచేవాళ్ళ దగ్గర ఇదే జాతి దొరుకుతుంది. పది డిగ్రీల సెల్సియస్ కంటే చలి తగలనివ్వకుండా, దక్షిణం వైపు కిటికీ దగ్గర పెట్టుకుని, చలికాలమంతా దాదాపు పొడిగా ఉంచితే చాలు.

కుళ్ళు, పిండినల్లి

కాడ మొదట్లో నల్లగా, వేలితో నొక్కితే మెత్తగా అయిందంటే కుళ్ళు. రేపు చూద్దాం అనుకోకండి, రెండు రోజుల్లో కొస దాకా ఎక్కుతుంది. నల్లటి చోటుకు రెండు అంగుళాలు పైన కోసి, కోసిన ముఖం చూడండి. మధ్యలో సూదిమొనంత గోధుమ చుక్క ఉన్నా కుళ్ళు ఇంకా పైన ఉన్నట్టే. బ్లేడు తుడిచి, మళ్ళీ మంటకు చూపించి, ఇంకో అర అంగుళం పైన కోయండి. అంతా ఒకే లేత పచ్చ కనిపించేదాకా ఇలా కోస్తూ పోవాలి. మిగిలింది రెండు అంగుళాలైనా పరవాలేదు, ఆరబెట్టి కొత్త మట్టిలో నాటితే బతుకుతుంది. పాత మట్టిని వేరే కుండీల్లో కలపకండి. ఒక వానాకాలం మా ఇంట్లో పద్నాలుగు కుండీలకు పదకొండు ఇలా పోయాయి, ఇప్పుడున్న పెద్ద గుబురు అప్పుడు మిగిలిన అంగుళంన్నర ముక్క నుంచి వచ్చిందే.

పిండినల్లి అనే పురుగు కాడల మొదట్లో దూది అంటినట్టు కనపడుతుంది. మెడికల్ షాపులో దొరికే సర్జికల్ స్పిరిట్‌లో దూది ముంచి సాయంత్రం పూట ఒక్కొక్కటే తుడవండి, ఐదు రోజులకు మళ్ళీ, ఇంకో ఐదు రోజులకు మళ్ళీ. పైన ఏమీ లేకపోయినా మొక్క ఎదగక, నీళ్ళు పోసినా ముడతలు పోకుండా ఉంటే కుండీ బోర్లించి వేళ్ళు చూడాలి, అక్కడా తెల్లగా ఉంటుంది. అప్పుడు మట్టి మొత్తం దులిపి, వేళ్ళు కడిగి, వారం ఆరబెట్టి కొత్త మట్టిలోకి మార్చడమే.

తినడం గురించి

సీమలో దీన్ని పచ్చిగానే ఉప్పు, కారం అద్దుకుని తింటారు, కరువు రోజుల్లో ఆకలి తీర్చిన మొక్క ఇది. కొంచెం పులుపు, కొంచెం చేదు. మా ఇంట్లో అంచుల మొనలు గీకేసి, ముక్కలు చేసి, నూనెలో వేయించి, వేయించిన వేరుశెనగలు, పచ్చిమిరపకాయలు, చింతపండుతో ఊరుబిండి అనే పచ్చడి నూరేవాళ్ళు, రాగి సంగటిలోకి అంత బాగుంటుంది. కానీ కుండీలో పెంచేది కూరకు సరిపోదు, ఏడాదికోసారి రుచి చూడటానికే. మందులు కొట్టిన మొక్కను, నర్సరీ నుంచి కొత్తగా తెచ్చిన మొక్కను తినకండి.

మాత్రల గురించి అందరూ అడుగుతారు కాబట్టి చెబుతున్నాను. బెంగళూరులో 50 మందితో చేసి 2007లో ప్రచురించిన ఒక పరిశోధనలో, కొందరికి దీని సారం రోజుకు ఒక గ్రాము చొప్పున 60 రోజులు ఇచ్చారు. నడుము చుట్టుకొలత, ఆకలి తగ్గాయి గానీ బరువు విషయంలో ఉత్తుత్తి మాత్ర వేసుకున్నవాళ్ళకూ వీళ్ళకూ చెప్పుకోదగ్గ తేడా రాలేదు. దానికోసం గుట్టలు బోడి చేయడం నాకు అన్యాయంగా అనిపిస్తుంది. షుగర్‌కు పచ్చిగా తినే అలవాటు కూడా మన వైపు ఉంది, మీరు ఇప్పటికే షుగర్ మాత్రలు వాడుతుంటే డాక్టరుకు చెప్పకుండా ఇది మొదలుపెట్టకండి. కడుపుతో ఉన్నవాళ్ళు, పాలిచ్చే తల్లులు దీని జోలికి పోకపోవడం మంచిది.

పూత, కాయ

నాటిన రెండో ఏడాది, వానలు పడ్డాక ఆగస్టు నుంచి కాడల పై సగంలో చిన్న చిన్న మొగ్గలు వస్తాయి. మొగ్గ కనిపించాక కుండీ చోటు మార్చొద్దు, రాలిపోతాయి. పువ్వు చొక్కా గుండీ కంటే కాస్త పెద్దది, ఐదు మొనల నక్షత్రం, ముదురు వంగపండు రంగు మీద పసుపు గీతలు. నూగు రకమైతే మీరు ఊపిరి వదిలినా ఆ నూగు వణుకుతుంది. ఒక్కసారి మోకాళ్ళ మీద కూర్చుని దగ్గరగా చూడండి, పైనుంచి చూస్తే ఏమీ కనపడదు, అన్నీ కిందికి చూస్తూ ఉంటాయి. ఈగలు వాలితే తోలకండి, వాటి వల్లే కాయ కడుతుంది.

కాయలు జంటగా, సన్నగా, నిలువుగా రెండు కొమ్ముల్లా లేస్తాయి. ఇది జిల్లేడు కుటుంబంలోదే, అందుకే కాయ పగిలితే ప్రతి గింజకూ దూది కుచ్చు ఉంటుంది, ఒక్క గాలికి అంతా ఎగిరిపోతుంది. కాయ పచ్చదనం పోయి ఎండు రంగుకు తిరుగుతుండగానే పలుచని గుడ్డ సంచీ తొడిగి దారంతో వదులుగా కట్టండి. గింజలను దాచి పెట్టకుండా వెంటనే, అదే కంకర మట్టి మీద చల్లి, పైన ఇసుక పొడి రాల్చి, స్ప్రేతో తడపండి. తాజా గింజ వారంలోపే మొలుస్తుంది. మొలకలకు మొదటి రెండు నెలలు మాత్రం మట్టి పూర్తిగా ఎండనివ్వకండి, నీడలో ఉంచండి, నేరుగా ఎండ తగలనివ్వొద్దు. కొన్ని గింజలను నేను సంచీలో పెట్టుకుని ఊరికి పోతాను. క్వారీ తవ్వని పక్క, మా పొలం గట్టు మీద రేగు కంపల మొదట్లో, తొలి వాన పడిన మర్నాడు వేలితో ఒత్తి వస్తాను. పోయినేడు అక్కడ రెండు గుబుర్లు లేచాయి.